ఆలస్యానికి కారణం

పళ్ళెంలో బియ్యం పోసుకుని రాళ్ళు ఏరుతోంది వృందా నలావడే. ముప్పై ఏళ్ళు నోరు మూసుకుని రిటైరయ్యాక కోర్టుకెళ్తే జనం నవ్వరా అన్నాడు కుర్చీలోంచి భర్త వసంతరావు. నిన్న వకీలు మాన్సీ శిర్కే అన్నదీ ఇంచుమించు అదే, కాకపోతే మర్యాదగా. కేసులో బలముందట, ఆలస్యమే అడ్డమట. ఇంత ఆలస్యం ఎందుకైందో ప్రమాణం చేసి రాసివ్వకపోతే జడ్జి ఫైలే తెరవడట. "అనారోగ్యమని రాసేద్దాం టీచరుగారూ, గొడవ ఉండదు," అంది.

అనారోగ్యం! గగన్‌బావడా కొండల్లో మోకాలి లోతు వాననీళ్ళలో నడిచి, ఏడేళ్ళు ఒంటిచేత్తో బడి నడిపిన మనిషికి అనారోగ్యమట. అప్పుడామె కుసుమ్ ధుమాళ్. కోడలికి పేరు మార్చడం వాళ్ళ ఆనవాయితీ కాబట్టి, పెళ్ళినాడు ఇలాంటి పళ్ళెంలోనే బియ్యం పరిచి వసంతరావు ఉంగరంతో ఆమె కొత్త పేరు 'వృందా' అని రాశాడు. అందరూ పాలపేడాలు తిన్నారు. పేరు నచ్చిందా అని ఆమెను అడిగిన వాళ్ళు లేరు. ఈ జిల్లాకి బదిలీ అయి వస్తే గుమాస్తా కొత్త పేరుతో కొత్త సర్వీసు పుస్తకం తెరిచాడు. పాతది కొండల్లోనే ఉండిపోయింది, దానితోపాటు ఆ ఏడేళ్ళ సర్వీసూ. తన దగ్గర పాఠం చెప్పడం నేర్చుకున్న కుర్రవాళ్ళు సీనియర్లయి హెడ్మాస్టర్లయ్యారు. వాళ్ళ గదుల్లోకి తనే టీ కప్పులు మోసింది.

కుసుమ్, వృందా ఇద్దరూ ఒకరేనని, ఆ ఏడేళ్ళూ కలపమని, కొత్త పుస్తకం తెరిచినప్పుడే దరఖాస్తు రాసింది. నేనిచ్చొస్తాలే అని వసంతరావు తీసుకున్నాడు. అడిగినప్పుడల్లా ఫైలు కదులుతోందనేవాడు. ఈ ఇంటి కోడలికి ఈ ఇంటి పేరు చాలదా అని అత్తగారు మూతి తిప్పేది. ఆమె నమ్మింది, ఎదురు చూసింది, వండి పెట్టింది. రిటైరయ్యాక పెన్షను కాగితాల కోసం ఆయన రేకుపెట్టె తెరిస్తే అడుగున అదే దరఖాస్తు, మడత నలగకుండా. అమ్మ బాధపడుతుందని ఇవ్వలేదన్నాడు. అయినా ఉద్యోగం చేశావుగా, ఏం పోయిందన్నాడు. ఆమెకి ఒళ్ళు మండిపోయింది. పోయింది ఏడేళ్ళు. ఆ వానలో నడిచింది తనేనని ఒక్క కాగితమైనా చెప్పాలి.

బియ్యం పళ్ళెం పక్కకి జరిపింది. వకీలిచ్చిన కాగితంలో 'అనారోగ్యం' కొట్టేసి, తన చేత్తో రాసి, పైకి చదివింది: "దరఖాస్తు ముప్పై ఏళ్ళు నా భర్త పెట్టెలో ఉంది. ఇవ్వడం ఇష్టం లేక ఆయన ఇవ్వలేదు."

వసంతరావు లేచి నిలబడ్డాడు. "నా పేరు కోర్టుకెక్కిస్తావా? బయట తలెత్తుకోవద్దా నేను?"

"మీ పేరు ఒక్క పూట చదువుతారు. నా పేరు ముప్పై ఏళ్ళు పెట్టెలో పెట్టారు."

రెండో కాగితం ఆయన ముందు పెట్టింది. కుసుమ్, వృందా ఒకరేనని ఒక సాక్షి రాసివ్వాలి. పేరు మార్చిన మనిషికంటే మంచి సాక్షి దొరకడని మాన్సీ చెప్పింది.

"ఈమే కుసుమ్ ధుమాళ్ అని రాయండి," అంటూ పెన్ను అందించింది.

ఆయన పెన్ను ముట్టుకోలేదు. గోడ గడియారం వంక చూసి, ఒంటిగంట కావస్తోంది, అన్నం సంగతేమిటన్నాడు.

కుసుమ్ కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది.

"ఎసరింకా పెట్టలేదండీ. మీ సంతకం అయ్యాక పెడతాను."