గేటు దగ్గర రాఘవులు

డెట్రాయిట్ పక్కనున్న నోవైలో ఇంట్లో కూర్చుని స్మృతి చేసే ఉద్యోగం తలలు లెక్కపెట్టడం. ఫ్రెంచ్ టీవీ వాళ్ళకి పాత రీలు దొరికితే చాలు, మొదటినుంచి చివరిదాకా దానిమీద కామెంటరీ పరిచేస్తారు, గాలాడనివ్వరు. రీల్లోని మనిషి గురించి ఆ కామెంటరీ అబద్ధమాడితే అతను ఫ్రేములోంచి నడిచి వెళ్ళిపోతాడు. ఎక్కడైనా జరిగేదే. అందుకని ప్రసారానికి ముందు పూర్తి వాయిస్‌తో ఆడించి, ఎవరూ తగ్గలేదని స్మృతి పారిస్‌కి రాయాలి.

ఆ రోజు డాక్యుమెంటరీ 1974లో డెట్రాయిట్ కార్ల ఫ్యాక్టరీ సమ్మె మీద. పారిస్‌లో రాత్రి తొమ్మిదికి ప్రసారం, ఇక్కడ మధ్యాహ్నం మూడు. ఫైనల్ వాయిస్ రెండుంబావుకి గానీ రాలేదు. పక్కన పరంధామయ్య అంకుల్ మైసూర్‌పాక్ డబ్బాతో కూర్చున్నాడు. ఆ ఫ్యాక్టరీలో పనిచేసినవాడు, రీల్లో ముఖాలు గుర్తుపట్టి పేర్లు చెప్పినవాడూ ఆయనే.

"గేటు దగ్గర క్యారేజీ పట్టుకున్నవాడు రాఘవులమ్మా. నా రూమ్మేట్. సమ్మెని కాదని లోపలికెళ్ళింది వాడే."

ఈ మాట మీదే యాభై ఏళ్ళుగా పక్క ఊరు ట్రాయ్‌లో రాఘవులు గడప ఎవరూ తొక్కలేదు. ఇవాళ ఫ్రాన్సంతా అదే వినబోతోంది.

స్మృతి ప్లే నొక్కింది. ఫ్రెంచ్ గొంతు రాఘవులు పేరు చెప్పి ద్రోహి అంది. రాఘవులు క్యారేజీ చంకలో పెట్టుకుని ఫ్రేములోంచి వెళ్ళిపోయాడు.

అతను తప్పుకోగానే వెనక ఇంకొకడు కనిపించాడు. చేతిలో హాజరు వేసే టైమ్ కార్డు, ఒక కాలు గేటు లోపల. ఆ ముక్కు, ఆ పాపిడి చూసి స్మృతి పక్కకి తిరిగింది. అంకుల్ ముఖంలో నెత్తురుచుక్క లేదు.

ఒకడు తగ్గాడని స్మృతి రాయగానే పారిస్ నుంచి డైరెక్టర్ ఎలొడీ ఫోన్ చేసింది. పది నిమిషాల్లో సరైన పేరు చెప్పాలి, లేదంటే షాట్ తీసేస్తుంది.

"తీసేయమను. గొడవొదిలిపోతుంది," అన్నాడు అంకుల్.

"మీకొదిలిపోతుంది. రాఘవులు అంకుల్‌కి?" స్మృతి కోపం దాచుకోలేదు. "టైమ్ లేదు అంకుల్. చెప్పండి."

"నేనొచ్చి మూడు నెలలే అప్పటికి. సూపర్‌వైజర్ రమ్మంటే వెళ్ళా. ఎవడ్రా వెళ్ళిందని యూనియన్ వాళ్ళు మీదికొచ్చారు. భయంతో నోటికొచ్చింది వాడి పేరే."

ఎలొడీ లైన్లోనే ఉంది.

"పేరు మార్చమ్మా."

"ఏమని?"

"ఇంటిపేరుతో సహా నాది పెట్టు."

రెండూ యాభైకి కొత్త వాయిస్ వచ్చింది. స్మృతి మళ్ళీ ఆడించింది. టైమ్ కార్డు పట్టుకున్నవాడు కదల్లేదు. రాఘవులు తిరిగొచ్చి, అతనికి అడ్డం రాకుండా కాస్త ఎడంగా నిలబడ్డాడు. అందరూ ఉన్నారని స్మృతి పారిస్‌కి రాసింది.

అంకుల్ ఫోన్ తీసి నంబరు నొక్కాడు. చాలాసేపు మోగింది.

"రాఘవులూ, నేను పరంధామయ్యని. పెట్టేయకురా."