వెన్న గది

అత్త కుప్పకూలినప్పుడు తొట్టి మూత ఇంకా ఆమె చేతిలోనే ఉంది. ముందు ఆ మూత తీసుకుని తొట్టికి బిగించమనీ, ఆ తర్వాతే మనిషిని లేపమనీ సూపర్‌వైజరు అరిచాడు. సరుకు చల్లారిపోతుందట. అక్కడ పదకొండు మందిమి ఉన్నాం. పదకొండు మందిమీ అతను చెప్పినట్టే చేశాం. ఇది చెప్పడానికి నాకు సిగ్గుగా ఉంది. కానీ ఇది దాచి మిగతాది చెబితే మేమేదో పుట్టుకతోనే ధైర్యవంతులమని మీరు అనుకుంటారు.

మోసుకెళ్తుంటే అత్త కళ్ళు తెరిచి, "అడుగంటలేదు కదా?" అని అడిగింది.

ఆవిడ నాకు సొంత మేనత్త. ఆ బిస్కెట్ల ఫ్యాక్టరీలో నన్ను ప్యాకింగులో చేర్పించింది ఆవిడే. ఆవిడ పనిచేసే చోటును వెన్న గది అంటారు. అందులో వెన్న తప్ప అన్నీ ఉంటాయి. డబ్బాల్లో వచ్చే ఒక పసుపుపచ్చని ద్రవాన్ని నూనెలో కలిపి వేడి చేస్తే గదంతా వెన్న కాచిన వాసన వేస్తుంది. ప్యాకెట్ మీద పచ్చికలో మేస్తున్న ఆవు బొమ్మ ఉంటుంది. ఆ ఆవు మా గేటు దాటి లోపలికొచ్చిన పాపాన పోలేదు.

వాసన సరిగ్గా కుదిరిందో లేదో తెలియాలంటే మూత ఎత్తి, మొహం వంచి, గుండెల నిండా పీల్చాలి. రోజుకు నలభైసార్లు పీల్చాలి. ఒక్కసారి పీల్చి "అయింది" అని చెప్పడంలో అత్తకు తిరుగు లేదు, అందుకే అందరూ ఆవిణ్ణి ముక్కత్త అనేవారు. ఒకసారి కంపెనీ గుడ్డ మాస్కులు పంచితే వెన్న గది ఆడవాళ్ళే వాటిని మూలన పడేశారు. కళ్ళకు గంతలు కట్టి సూదిలో దారం ఎక్కించమన్నట్టుందని అత్త నవ్వింది. మమ్మల్ని చంపుతున్న పనిని మేం పనితనం అనుకున్నాం. పొరపాటు మాదే, కానీ దాని మీద లాభం తిన్నవాళ్ళు వేరే.

కంపెనీ డాక్టరు ఉబ్బసం అని రాసి, పక్కన పొగతాగే అలవాటు అని చేర్చాడు. అత్త జన్మలో సిగరెట్ ముట్టలేదు. ఆసుపత్రిలో ముక్కుకు గొట్టంతో మంచం మీద కూర్చునే ఉంది, పడుకుంటే ఊపిరాడదు. నాలుగు మాటలు చెప్పడానికి మూడుసార్లు ఆగుతోంది. ఆవిడ చెయ్యి పట్టుకున్నప్పుడు నాకు జాలి కంటే ముందు భయం వేసింది. ఎందుకంటే ఆ మధ్యాహ్నమే మేనేజరు నన్ను పిలిచి, మీ అత్త ముక్కు నీకూ వచ్చిందట కదా, సోమవారం నుంచి మూత దగ్గర నువ్వే అన్నాడు. కాదంటే గేటు బయటే. మా ఇంట్లో సంపాదించే చెయ్యి నాదొక్కటే. ముందు నుయ్యి, వెనుక గొయ్యి.

శనివారం భోజనాల వేళ, అందరం కూర్చుని తినే గదిలోకి మేడ మీది ల్యాబ్ నుంచి ఒకామె వచ్చి తలుపు వేసింది. ఆమెను మేం కళ్ళజోడు అనేవాళ్ళం. తెల్లకోటు వాళ్ళంటే మాకు గిట్టదు. కానీ ఆ రోజు ఆమె మా మధ్యకొచ్చి నేల మీదే కూర్చుంది.

మేడ మీద తను చేసే పనేమిటో ముందు చెప్పింది. ఉప్పూ తీపీ కొవ్వూ ఏ పాళ్ళలో కలిస్తే తినేవాడి చెయ్యి ప్యాకెట్‌లోంచి బయటికి రాదో లెక్కకట్టడం. బిస్కెట్ విరిగేటప్పుడు ఎంత కరకరలాడాలో కూడా యంత్రం పెట్టి కొలుస్తారట. కడుపు నిండిందని మెదడుకు కబురు అందేలోపు ప్యాకెట్ ఖాళీ కావాలి. అన్నం ముందు పెడితే మొహం తిప్పుకుని ఈ ప్యాకెట్ కోసం ఏడ్చే మా పిల్లలు అందరికీ ఒకేసారి గుర్తొచ్చారు. ఆ తర్వాత అసలు సంగతి చెప్పింది. పసుపు ద్రవం తింటే ఏమీ కాదు. వేడి చేసినప్పుడు వచ్చే ఆవిరి రోజూ పీలిస్తే ఊపిరితిత్తుల్లోని సన్నని గొట్టాలు మచ్చకట్టి మూసుకుపోతాయి. మళ్ళీ తెరుచుకోవు, మందు లేదు. ఇదంతా డబ్బాలతో పాటు వచ్చే కాగితంలోనే రాసి ఉంది. ఆ కాగితం కోటు జేబులోంచి తీసి చూపించింది.

"తెలిసీ ఇన్నాళ్ళూ ఎందుకు చెప్పలేదమ్మా?" అని అడిగింది ప్యాకింగులో అందరికంటే పెద్దది, పెద్దక్క.

"భయమేసిందక్కా," అందామె.

మాకు కోపం రావాలి, కానీ ఆ జవాబు మాలో ఎవరికీ కొత్త కాదు.

మేం వస్తాదు అని పిలిచే అతను మాత్రం ఇది ఒప్పుకోలేదు. డబ్బాలు మోసే హమాలీల్లో అతనిది ఏనుగంత బలం. ఇదంతా వెన్న గది ఆడవాళ్ళ గోల, లైను ఆగితే మోతగాళ్ళ పొట్టలు మాడతాయి, ఏదైనా ఉంటే మీరూ మీరూ చూసుకోండి అన్నాడు. హమాలీలు తలలూపారు. మాటా మాటా పెరిగింది.

కళ్ళజోడు అగ్గిపెట్టె అడిగింది. ఫ్యాక్టరీలో నిషేధమే అయినా అది వస్తాదు మొలలో దొరికింది. వెలిగించిన పుల్లను జానెడు కంటే తక్కువ దూరంలో పట్టుకోవాలి. పెదవులు చుట్టకుండా నోరు బార్లా తెరిచి ఊదాలి. ఆరోగ్యంగా ఉన్నవాళ్ళు ఇట్టే ఆర్పేస్తారట. మొదట పెద్దక్క ఊదింది, ఆరిపోయింది. తర్వాత వెన్న గది వాళ్ళు ఒక్కొక్కరే వచ్చారు. తొమ్మిది మందిలో ఐదుగురికి ఆరలేదు. కళ్ళజోడు పుల్ల మీద పుల్ల గీస్తోంది. నా వంతు వచ్చింది. మంట వంగి మళ్ళీ లేచింది. రెండోసారీ అంతే. మూడోసారికి ఆరింది. వెన్న గది గోడ పక్కన ప్యాకింగులో నేను చేసింది ఆరు నెలలే.

వస్తాదు నవ్వుతూ వచ్చాడు. పీపాలాంటి ఆ ఛాతీని చూసి మేమూ నవ్వబోయాం. అతను ఊదాడు. మళ్ళీ ఊదాడు. మంట పుల్ల వెంట దిగుతోంది. మూడోసారి ఊదుతుండగా వేలు కాలింది. రోజూ మధ్యాహ్నం అతను కునుకు తీసేది వెన్న గది గాలి బయటికొచ్చే గొట్టం కిందే. చల్లగా ఉంటుందని అక్కడ పడుకునేవాడు. పుల్ల కింద పడేసి, ఆ వేలు నోట్లో పెట్టుకోవడం కూడా మరిచిపోయి నిలబడ్డాడు.

నేను ఉద్యోగం మానేస్తానన్నాను. పెద్దక్క నా భుజం పట్టుకుంది.

"నువ్వు పోతే ఇంకో పిల్లని పెడతారే. మూత అక్కడే ఉంటుందిగా."

సరైన మాస్కులూ, గాలి లాగే యంత్రమూ, జబ్బుపడ్డవాళ్ళకు వైద్యమూ ఇచ్చేదాకా ఎవరూ మూత ఎత్తకూడదని ఆమె అంది. ఒప్పుకున్నవాళ్ళు చేతులెత్తమంటే సగమే లేచాయి. వస్తాదు కాలిన చెయ్యి ఎత్తాడు. మిగతావి నెమ్మదిగా లేచాయి. నాది అందరికంటే చివర లేచింది.

సోమవారం ఉదయం తొట్టి కింద మంట వెలిగింది. మూత దగ్గర నేను నిలబడ్డాను. నా వెనక వెన్న గది, ప్యాకింగు, హమాలీలు అందరూ చేతులు కట్టుకుని నిలబడ్డారు. లైను ఆగిపోయింది. మేనేజరు పరుగున వచ్చి పోలీసులన్నాడు, బుజ్జగించాడు, చివరికి ఇందులో ఏమీ లేదమ్మా, ఉత్త వెన్న వాసనే అన్నాడు.

"అయితే మీరే తియ్యండి సార్," అన్నాను. నా గొంతు నాకే వినిపించలేదు, కానీ ఆయనకు వినిపించింది.

ఆయన మూత మీద చెయ్యి వేశాడు. ఆగాడు. వెనక్కి తిరిగి, పైనుంచి తన మాస్కు పట్టుకురమ్మని సూపర్‌వైజరుకు చెప్పాడు. చెప్పాక గానీ తనేం అన్నాడో ఆయనకు తెలియలేదు. వేడెక్కిన మూత టపటపలాడింది.

గంటలో పోలీసులు వచ్చారు. మా కోసం కాదు, కళ్ళజోడు కోసం. మాకు చూపించిన ఆ కాగితం కంపెనీ రహస్య పత్రమట, దాన్ని దొంగిలించిందట. తెల్లకోటుతోనే ఆమెను జీపు ఎక్కించారు. మేం గేటు బయట దారికి అడ్డంగా నిలబడ్డాం. లాఠీలు చూడగానే పారిపోవాలనే అనిపించింది, ఒట్టు.

ఆదివారం అందరం కలిసి కట్టుకున్న నినాదాన్ని వస్తాదు ఎత్తుకున్నాడు. "మేం పని చెయ్యడానికి..." అనేసరికి దగ్గు తెర కమ్మేసింది. వంగి మోకాళ్ళు పట్టుకున్నాడు. పోలీసుల్లో ఒకడు నవ్వాడు. వెన్న గదిలో పనిచేసే ఒకామె అందుకుని "వచ్చాం" అంది, అంతకంటే ఊపిరి చాల్లేదు. పక్కామె "ఊపిరి" అంది. ఇంకొకామె "అమ్ముకోవడానికి" అని ఆయాసపడుతూ నా వైపు చూసింది. మిగిలింది ఒక్క మాటే. పుట్టి బుద్ధెరిగాక ఆ మాట నేను ఏ సూపర్‌వైజరు ముందూ అని ఎరగను. నోరు బార్లా తెరిచి, ఉన్న ఊపిరంతా పెట్టి అరిచాను.

"కాదు."

నవ్విన పోలీసు నవ్వు ఆపాడు. నా భయం పోలేదు. జీపు డ్రైవరు హారన్ కొడుతూనే ఉన్నాడు. వస్తాదు నడుము నిటారు చేసుకుని మళ్ళీ మొదటి నుంచి ఎత్తుకున్నాడు. ఈసారి అతను ఎక్కడ ఆగుతాడో తెలుసు కనుక అక్కడ పదిమంది సిద్ధంగా ఉన్నారు.