నల్లనయ్యకు అర్దళం

రోజూ నల్లనయ్యా అని కొలుచుకునే కృష్ణుడికి నాటకంలో మొహమంతా అర్దళమనే పచ్చటి రంగు పూస్తారు. మసి మాత్రం రాక్షసుడికి. ఎందుకిలా? నరసరావుపేట బడిపంతులు త్రికోటేశ్వరరావుని ఈ సందేహం పదేళ్ళుగా తొలుస్తోంది. దాని మీదే ఆయన వేషాల గురించి, రంగుల గురించి, జాతుల గురించి పుస్తకం రాస్తున్నాడు. గుంటూరులో ఒక పండితుడికి చూపిస్తే, "ఇందులో ఆర్యులెక్కడ, ద్రావిడులెక్కడ?" అని విసిరేశాడు. అచ్చువేసేవాడు యుద్ధమొచ్చి కాయితం లేదన్నాడు. కొండెక్కి కోటయ్యస్వామికి మొరపెట్టుకుంటే ఆయనా పలకలేదు.

చివరి అధ్యాయానికి వడ్డెర రోశయ్య మాట కావాలి. ఊరి నాటక సమాజంలో అంతటి గొంతు ఇంకొకరికి లేదు. అయినా అతనికెప్పుడూ రాక్షస వేషాలే. పంతులు మూడుసార్లు రాతిగనికి వెళ్ళాడు. మూడుసార్లూ రోశయ్య సుత్తి ఆపలేదు. నాలుగోసారి పంతులికి ఓపిక నశించింది.

"ఒరేయ్, ఒక్కమాట చెప్పి చావరా! నల్లగా ఉన్నావనే కదా నీకు కృష్ణుడి వేషం ఇవ్వంది?"

"ఇవ్వకేం, ఒకసారిచ్చారుగా," అంది రాళ్ళు మోస్తున్న అతని భార్య ఎల్లమ్మ. "చదువెక్కువైతే మరుపు చానా ఎక్కువవుద్దేమో!"

రోశయ్య సుత్తి దించాడు.

"కృష్ణుడి వేషం కట్టేవాడికి జొరమొచ్చిననాడు నేనే కట్టా. అర్దళం పూస్తే నేనూ పచ్చగానే ఉన్నా పంతులుగారూ. రంగుదేముంది, కడిగితే పోద్ది. తెర తీసే ముందు దేవుడి వేషానికి పెద్దలు హారతిచ్చి దణ్ణం పెట్టాలిగదా? నా దగ్గరికొచ్చేతలికి ఆలీసమైంది, ఆటయినాక ఇద్దాం అన్నారు. పన్నెండేళ్ళయింది. ఆనాడు హారతి పళ్ళెం ఎవరి చేతిలో ఉందో రాశారా మీ పుస్తకంలో?"

పళ్ళెం పట్టుకున్నది పంతులే.

"ఇన్నాళ్ళూ చెప్పవేందిరా!" అని అరిచాడాయన.

"మీరడిగింది రంగు సంగతి."

రెండువందల పేజీలు రాశాడు. హారతి మాట ఒక్కచోటా లేదు. పంతులు తిట్టుకుంటూ వెళ్ళిపోయాడు. ఎవరిని తిడుతున్నాడో ఆయనకే తెలియలేదు. మధ్యాహ్నానికి బజారు నుంచి కర్పూరం కొనుక్కుని, చెమటలు కక్కుతూ తిరిగొచ్చాడు.

"రోశయ్యా, నిలబడు."

"ఇప్పుడు నాకు వేషమేదయ్యా? ఒళ్ళంతా రాతిపిండి!"

"నిలబడమన్నానా!"

పనివాళ్ళు చుట్టూ మూగారు. పలుచటి రాతిపలక మీద కర్పూరం వెలిగించి, పంతులు మూడుసార్లు తిప్పాడు. పలకని కింద పెట్టి, రెండు చేతులూ జోడించి, తల వంచి దణ్ణం పెట్టాడు.