బంతి దారి

నేను ఒక కెమెరాను, రీలు వేసుకునే కాలం నాటిదాన్ని. జపాన్‌లో పుట్టాను. దుబాయి నుంచి తెచ్చినాయన నన్ను కొన్నాళ్లు పెళ్లిళ్లలో తిప్పి, విసుగెత్తి అమ్మేశాడు. కొన్నది బోధన్ దగ్గర ఒక బాలికల గురుకులంలో భౌతికశాస్త్రం చెప్పే విఠల్ సారు. నా కటకం చుట్టూ దూరాల అంకెలు, అవి అయిపోయినచోట అనంతం గుర్తు. మైదానం అవతలి నీళ్ల ట్యాంకూ, చందమామా నా లెక్కలో ఒకే దూరం! అది చెప్పి సారు మురిసిపోయేవారు. కొలిస్తే అర్థం కానిది లోకంలో లేదని ఆయన నమ్మకం.

ఆ బడిలో ఆడపిల్లలు సాఫ్ట్‌బాల్ ఆడేవారు. బేస్‌బాల్‌కు చెల్లెలు లాంటి ఆట. మెత్తదనం పేరులోనే. ఆ బంతి దవడకు తగిలి గంగామణికి పన్ను ఊడింది. జట్టులో అందరికన్నా బలంగా కొట్టే పిల్ల, అప్పటి నుంచి బంతి వస్తుంటే చాలు, కళ్లు మూసుకునేది. జిల్లా పోటీలు దగ్గర పడుతుండగా, ఇక ఆడనని బ్యాటు తెచ్చి ఆటల టీచరు ఎస్తేరు చేతికిచ్చేసింది.

సంగతి విని సారు నన్ను మైదానానికి తెచ్చారు. గంగామణి నిలబడే చోట ఒక కర్ర పాతారు. మునిమాపు వెలుగులో నా షట్టరు కాసేపు తెరిచి ఉంచితే, ఎస్తేరు టీచరు విసిరిన బంతి ఫోటోలో తెల్లని గీతగా పడింది. ఫోటో కడిగించి తెచ్చాక, సారు దాని మీద స్కేలు పెట్టి చూపించారు.

“చూడు బిడ్డా, బంతి దారి ఇది. నీకు మూరెడు దూరంలకెల్లి పోతది. ఇంక భయమెందుకు?”

“నాకు ఎర్కే సార్,” అంది గంగామణి తల వంచుకుని. “పానానికే ఎర్కలేదు.”

సారు ఆ ఫోటోను జేబులో పెట్టుకున్నారు. తర్వాత నన్ను ఆమె చేతికిచ్చి, బంతులు ఆపే వల వెనక నిలబెట్టి, హెల్మెట్ పెట్టుకుని తానే బ్యాటు పట్టారు.

“నేను కొడుతుంటే ఫోటో తియ్యి.”

ఎస్తేరు టీచరు విసిరింది. సారు గిరుక్కున వెనక్కి తిరిగి, కళ్లు గట్టిగా మూసుకుని, బ్యాటును కావలించుకున్నారు. బంతి ఆయన పక్కనుంచి దూసుకొచ్చి గంగామణి ముందే వలకు కొట్టుకుంది. ఆమె నా మీట నొక్కింది. నవ్వి నవ్వి కూలబడింది.

“భయమెందుకని నిన్ను ఉత్తగనే అడిగిన బిడ్డా,” అన్నారు సారు రొప్పుతూ. “ఎర్కైనా భయమే అయితది.”

“బంతి నాకు చివరిదాకా కనవడ్డది సార్,” అందామె. అన్నాక, తన మాటకు తానే ఆశ్చర్యపోయి లేచి నిలబడింది. వెళ్లి బ్యాటు అడిగి తీసుకుంది.

చీకటి పడేదాకా ఆడింది. చాలా బంతులు తప్పాయి, కొన్ని తగిలాయి. జిల్లా పోటీల్లో జట్టు ఓడిపోయింది గానీ, గంగామణి ఒక్క ఆట కూడా మానలేదు.

ఇప్పుడు నేను మూగబోయి ప్రయోగశాల అద్దాల బీరువాలో ఉన్నాను. సారు కళ్లు మూసుకుని బ్యాటును కావలించుకున్న ఆ ఫోటోను ఆయనే ఎదురుగోడకు తగిలించారు. కొత్త పిల్లలు చూసి కిసుక్కుమంటారు.

“పరువు పోతుంది సార్, తీసెయ్యండి,” అంది ఒకనాడు ఎస్తేరు టీచరు.

“ఉండనియ్యండి టీచర్,” అన్నారాయన దగ్గరికి వెళ్లి, కళ్లజోడు సర్దుకుంటూ. “ఎంత సాఫుగ పడ్డదో చూడండి. తీసిన పిల్ల చెయ్యి ఇసుమంత వణకలే.”