గుట్టకి అటువైపు

పక్షులు చూడ్డానికి రమ్మని తమ్ముణ్ణి బతిమాలీ బతిమాలీ ఏవిస్ నోరు అరిగిపోయింది. తండ్రి పోయాక తన వాటాకి వచ్చిన నేలని, పక్కనున్న బాతుల మడుగుతో సహా, ఆవిడ పక్షుల సంరక్షణ కేంద్రానికి రాసిచ్చేసింది. కంచెకి అటువైపు నేల తమ్ముడు డెల్బర్ట్‌ది. ఆ రోజు నుంచీ అక్క కనిపిస్తే చాలు దెప్పడమే అతని పని. ఇప్పుడు తన వైపున్న గుట్టని కూడా దున్ని సోయా వేస్తాడట. సోమవారం ట్రాక్టర్ దింపుతాడట. ప్రెయిరీ కోళ్ళు, ఆ గడ్డి మైదానాల్లో తిరిగే అడవి కోళ్ళు, పెట్టల్ని మెప్పించడానికి ఆడటం ఒక్కసారి కళ్ళారా చూస్తే వాడి మనసు మారకపోతుందా అని ఏవిస్ ఆశ. నిరుడు నాలుగే వచ్చాయి. అయినా ఆవిడ ఆశకేం తక్కువ లేదు.

ఎలాగైతేనేం, ఏప్రిల్‌లో ఒక ఆదివారం తెల్లవారకముందే ఇద్దరూ పికప్ దిగారు.

"ఒరేయ్, మాటులోకి వెళ్ళాక గొంతెత్తకు. కోళ్ళు వాటంతటవి లేచిపోయేదాకా బయటికి రాకూడదు. అది ఇక్కడి పద్ధతి."

"ఒంటేలుకొస్తేనో?"

"ఆపుకో."

"కోళ్ళ కోసం ఈ శిక్షేంటక్కా? మా దొడ్లో బోలెడున్నాయి. వచ్చి తనివితీరా చూసుకో."

"నోరు మూసుకుని ఆ దాల్చినచెక్క రోల్ తిను."

డెల్బర్ట్ పుట్టాక గుసగుసలాడి ఎరగడు. అతను చర్చిలో ప్రార్థన చేస్తే పార్కింగులో ఉన్నవాళ్ళకి కూడా వినిపిస్తుంది. అలాంటివాణ్ణి చెక్కలతో కట్టిన ఆ చిన్న మాటు గదిలో, బెంచీ మీద కూర్చోబెట్టింది.

తెలవారింది. మడుగు మీంచి బాతులు గుంపుగా లేచాయి. వాటి పైన, ఎంతో ఎత్తున, కొంగలు బారులు తీరి ఉత్తరానికి పోతున్నాయి. ఎన్నేళ్ళు చూసినా ఏవిస్‌కి ఆ దృశ్యం పాతబడలేదు. కిటికీ ముందు తన గడ్డి నడుమెత్తున, రాగి రంగులో నిలబడి ఉంది. కేంద్రం మేనేజరు ఏటా వచ్చి ఈ ముందున్న గడ్డి కాల్చాలమ్మా అనేవాడు. "మా నాన్న గడ్డికి నిప్పు పెడితే ఊరుకోను" అని ఈవిడ అడ్డం నిలబడేది. దానమిచ్చిన మనిషి కదా, ఆయన గట్టిగా అనలేక వదిలేసేవాడు.

ఇంతలో చప్పుడు మొదలైంది. ఖాళీ సీసా మూతి మీద ఊదినట్టు, గాలంతా నిండిన చప్పుడు. ఎటునుంచి వస్తోందో తెలియదు. ఏవిస్ కిటికీకి అతుక్కుపోయింది. గడ్డి కదిలింది తప్ప ఒక్క పక్షి కనిపించలేదు. ఈ ఏడు ఆ నాలుగూ కూడా లేవన్నమాట. తమ్ముడేమో వెనక్కి తిరిగి, గోడకి తల ఆనించి కూర్చున్నాడు. నిద్రపోయాడనుకుంది. ఆవిడకి ఏడుపొచ్చింది.

అంతలో అతను ఆవిడ చెయ్యి పట్టి లాగాడు. వెనక గోడ చెక్కల మధ్య సందు ఉంది.

కంచెకి అటు, డెల్బర్ట్ ఆవులు నున్నగా మేసిన గుట్ట మీద, పాతిక పుంజులు. మెడకి రెండు పక్కలా నారింజ తిత్తులు ఉబ్బించి, తల వెనక ఈకలు నిక్కబొడుచుకుని, నేల దద్దరిల్లేలా కాళ్ళు తాటిస్తున్నాయి. ఒకదాని మీదికొకటి ఎగురుతున్నాయి. ఏం పొగరు, ఏం దర్జా! ఏవిస్ నేలలోని పొడుగు గడ్డిలోంచి పెట్టలు ఒక్కొక్కటే వచ్చి, కంచె కింద దూరి, వాటిని ఎంచుకోవడానికి తాపీగా గుట్టెక్కుతున్నాయి. గూటికి పొడుగు గడ్డి, ఆటకి పొట్టి గడ్డి కావాలమ్మా అని మేనేజరు ఎంత మొత్తుకున్నాడు. ప్రేమకొద్దీ పెంచిన గడ్డే వాటిని అటు తరిమిందని ఏవిస్‌కి ఇప్పుడు తెలిసింది.

అక్కాతమ్ముళ్ళు ఒకే సందుకి కళ్ళు ఆనించి, చెంపలు రాసుకుంటూ చూశారు. చాలాసేపటికి ఒక గద్ద నీడ పడింది. కోళ్ళన్నీ ఒక్కసారిగా లేచిపోయాయి.

"నా గుట్ట మీద ఎన్నాళ్ళ నుంచి ఆడుతున్నాయే ఇవి?"

"నాకేం తెలుసురా? నేనెప్పుడూ నా వైపే చూస్తూ కూర్చున్నాను."

డెల్బర్ట్ గడ్డం గోక్కున్నాడు. అడగడానికి ఏవిస్‌కి భయమేసింది, అయినా అడిగింది.

"సోమవారం ట్రాక్టర్ దింపుతున్నావా?"

"దింపక? ఈ మాటుని లాగి గుట్ట వైపు తిప్పాలా వద్దా? నీ పికప్ వల్ల అవుతుందా? నువ్వు మాత్రం ఈ ముందున్న గడ్డి కాల్చనివ్వు."

కోళ్ళు పోయి చాలాసేపయింది, గట్టిగా అరిచినా ఇక అడిగేవాళ్ళు లేరు. అయినా డెల్బర్ట్ ఆ మాటలన్నీ గుసగుసగానే చెప్పాడు.