పద్నాలుగు పెట్టెల వంతు

ఈ బేరానికి దిగేనాటికి ఓబిలేష్ చేతిలో ఉన్నవి బోరు మోటార్లకు పెట్టే పద్నాలుగు స్టార్టర్ పెట్టెలు, వాటన్నిటికీ కలిపి ఒక పెద్ద పెట్టె, ఒక యాంటెన్నా, ఒక సిమ్ము, యాడికి ఊళ్లో పన్నెండేళ్లుగా మోటారు సామాన్లు అమ్మి సంపాదించుకున్న నమ్మకం. అసలు పెట్టుబడి ఆ చివరిదేనని అతనికి తెలుసు.

చీనీ (బత్తాయి) తోటలున్న పల్లంలో ఫోనుకు సిగ్నల్ అందదు. అందుకని పెట్టెలు కొన్న రైతుల్లో మిట్ట మీదుండే ఇంద్రాణి మిద్దెపై యాంటెన్నా నిలిపి, దాని కింద పెద్ద పెట్టె బిగించాడు. కరెంటు రాగానే బోరు దగ్గరి చిన్న పెట్టె ఆ సంగతి రేడియోలో మిద్దెకు చెబుతుంది. పెద్ద పెట్టె సరేనంటేనే మోటారు తిరుగుతుంది, రైతు ఫోనుకు కబురు పోతుంది. పద్నాలుగు మందికీ ఒకటే రేడియో దారి, ఒకటే రీచార్జి. ఆ మాట చెప్పే సరుకు అమ్మాడు.

మొదటి రోజు అన్నీ తిరిగాయి. రెండో రోజు నుంచి పదమూడు మోటార్లు కదల్లేదు. ఇంద్రాణిది మాత్రం రోజూ తిరుగుతోంది.

"ఆయమ్మ మిద్దె మీద పెట్టినావు, ఆయమ్మకే పని చేస్తాండాది," అన్నాడు పల్లం రైతు పుల్లన్న, ఓబిలేష్ అంగడి ముందు నిలబడి. "శుక్రవారం దాకా చూస్తామప్పా. ఆపైన పెట్టెలన్నీ పీకి నీ అంగట్లో పోస్తాం."

అంతపనీ జరిగితే యాడికిలో తన మాట మీద ఎవరూ ఒక నట్టు కూడా కొనరు.

ఓబిలేష్ పల్లమంతా తిరిగాడు. ఒక్కొక్క పెట్టెకే కరెంటిచ్చి చూస్తే ప్రతిదీ చక్కగా పలికింది. సరుకులో తప్పు లేకపోతే మనిషిలో ఉండాలి. భూమి లోపల అన్ని బోర్లకూ ఊట ఒకటే. పదమూడు ఆగితే నీళ్లు ఎవరి తోటకు? లాభం ఎటుంటే అటే చూడటం అతనికి అలవాటు. బుధవారం మిద్దె ఎక్కి, పెద్ద పెట్టె మూతకు, ఎవరు తీసినా తెగేలా, కంటికి ఆనని నల్లదారం చుట్టి వచ్చాడు.

గురువారం కరెంటు వేళకు ముందే మళ్లీ ఎక్కాడు. దారం తెగలేదు. ఇంద్రాణి వెనకే వచ్చి నడుం మీద చెయ్యి పెట్టుకుని నిలబడింది.

"ఏమప్పా ఓబిలేషా, పెట్టెకు దిష్టి దారం కట్టినావు? ఏ కళ్లు పడినాయి? నావేనా?"

"అదేం లేదులే అక్కా, గాలికి మూత ఊడుతుందని."

"ఇంత సన్న దారం ఆపే గాలి యాడుంటాదో నాకూ చూపించు."

ఇంతలో పల్లానికి కరెంటు వచ్చింది. పెద్ద పెట్టె మీద ఎర్ర దీపం వెలిగింది. వచ్చిన మాట అర్థం కాలేదని దాని గుర్తు. పది సెకన్లకు మళ్లీ ఎరుపు. ఇంకో పదికి మళ్లీ ఎరుపు. ఆపైన ఏమీ లేదు. రెండు నిమిషాలు గడిచాక ఒక్కసారి పచ్చదీపం మెరిసింది, మిట్ట వెనక ఇంద్రాణి మోటారు అందుకుంది.

"నీదే ఎట్ల తిరుగుతాది అక్కా?"

"నాది వేరే కరెంటు లైను గదప్పా. ఎప్పుడూ రెండు నిమిషాలు వెనకే ఇస్తారు."

ఓబిలేష్ దీపాల లెక్క వేసుకున్నాడు. పదమూడు పెట్టెలూ ఒక్కసారే అరుస్తున్నాయి. ఒకదాని మాటను ఇంకోదాని మాట చెరిపేస్తోంది. పది సెకన్లు ఆగి మళ్లీ అన్నీ ఒక్కసారే అరుస్తున్నాయి, మూడుసార్లయ్యాక ఊరుకుంటున్నాయి. ఇంద్రాణి పెట్టె ఒంటరిగా మాట్లాడుతుంది కాబట్టి వినబడుతోంది.

అవి కంపెనీ నుంచి అట్లా రాలేదు. ఒక్కోటి తోచినంతసేపు ఆగి పలికేట్టు వచ్చాయి. మొదటి రోజు పక్క తోట ఎర్రప్ప మోటారు పుల్లన్నదానికంటే ఆరు సెకన్లు ముందు తిరిగింది. "నా నీళ్లు వాడు ముందే లాగుతాడు" అని పుల్లన్న గట్టు మీద కట్టె తీశాడు. గిరాకీ చెడకూడదని, ఆ సాయంత్రమే ఓబిలేష్ అన్నిటికీ ఒకటే సమయం పెట్టేశాడు. తన తెలివికి తానే మురిసిపోయాడు కూడా.

సాయంత్రం రైతులను మిద్దె కిందకు పిలిచి ఉన్నదున్నట్టు చెప్పాడు.

"మళ్లీ మొదటి మాదిరి పెట్టేస్తా," అన్నాడు.

"తోచినట్టు పోతే నువ్వు ఎవరి దగ్గరో డబ్బు మేసినావనుకుంటాం," అన్నాడు ఎర్రప్ప.

"మా మామ కాలంలో ఉమ్మడి బాయికి వంతులుండె," అంది ఇంద్రాణి. "ఈ పొద్దు ముందున్నోడు రేపు కడాకు పోతాడు. మీ పెట్టెలకు అది చెప్పేకి రాదా?"

ఓబిలేష్ కంపెనీకి ఫోన్ చేసి అడిగితే, తేదీ మారగానే వరుస ఒక మెట్టు జరిగేలా పెట్టవచ్చన్నారు. అట్లాగే పెట్టాడు, పెట్టెకు పెట్టెకు మధ్య ఐదు సెకన్ల ఎడంతో. వంతుల పట్టీ మిద్దె గోడ మీద బొగ్గుతో రాశారు. శుక్రవారం పుల్లన్న గడియారం పట్టుకుని నిలబడ్డాడు. ఒకదాని వెనక ఒకటి, పచ్చదీపం పదమూడు సార్లు వెలిగింది. కాసేపటికి ఇంద్రాణిదీ వెలిగింది.

శనివారం ఓబిలేష్ లెక్క చూసుకున్నాడు. పద్నాలుగు పెట్టెలూ తోటల్లోనే నిలిచాయి. పక్క పల్లెవాళ్లు తొమ్మిది అడిగారు. ఇంద్రాణి మాత్రం, దారం కట్టి తనను దొంగగా చూశాడని, అతనితో మాట మానేసి మిద్దె మెట్లకు తాళం వేసింది. ఇక మీదట పుల్లన్నను సాక్షిగా తెస్తేనే తీస్తుందట. రేపు ఏ మోటారు ఆగినా పెట్టెలో వేలు పెట్టింది తానేనని ఎవరూ అనలేరు కాబట్టి, ఆ తాళాన్నీ అతను లాభం కిందే వేసుకున్నాడు.