మేష్టారి ఆరు నిమిషాలు

కెమిస్ట్రీ ప్రొఫెసరు ఎమ్మెల్యే అయి రెండేళ్ళు గడిచినా, సభలో అందరూ ఆయన్ని మేష్టారనే పిలిచేవారు. ఆ పిలుపులో గౌరవం పావువంతు, వేళాకోళం ముప్పావు. ఆయన మాట్లాడటానికి లేచారంటే క్యాంటీన్‌లో కుర్చీలు చాలేవి కావు. ఇరవై ఎనిమిదేళ్ళు యాభై నిమిషాల పాఠాలకి అలవాటుపడిన నోరు మరి. ఏ పాఠమైనా మూలం నుంచి ఎత్తుకుని, ఒక్కో మెట్టే ఎక్కించి, అసలు సంగతి చిట్టచివర చెప్పడం ఆయన పద్ధతి.

ఫ్యాక్టరీల బిల్లు ఆఖరి చర్చకి వచ్చిన రోజున మాత్రం ఆయన అందరికంటే ముందే వచ్చి తన సీట్లో కూర్చున్నారు. రసాయనాల మురుగు వదిలే గుంట తాగునీటి బోరుకి రెండు వందల మీటర్ల దూరంలో ఉంటే చాలని ఆ బిల్లులో రాశారు. ఆయన నియోజకవర్గంలో ఉన్న రంగుల ఫ్యాక్టరీ గుంటకీ, కార్మికుల కాలనీ బోరుకీ మధ్య దూరం మూడు వందల మీటర్లు. అంటే బిల్లు అలాగే పాసయితే ఆ గుంటని ఇక ఎవరూ కదిలించలేరు. కాలనీలో పిల్లల ఒంటి మీద పుళ్ళు మానడం లేదు. ఇద్దరు మగవాళ్ళకి కిడ్నీలు పోయాయి. అక్కడి ఆస్పత్రి నర్సు ఒకప్పుడు మేష్టారి శిష్యురాలు. ఆవిడ వారం వారం సీసాల్లో నీళ్ళు పట్టి తెస్తే, ఆయన తన పాత కాలేజీ ల్యాబులో చొక్కా చేతులు మడుచుకుని పదకొండు వారాలు స్వయంగా పరీక్షలు చేశారు. ఆ దూరాన్ని వెయ్యి మీటర్లు చేయాలని సవరణ రాసిచ్చారు. గడపగడపకీ తిరిగి అవతలి పక్షంలో పన్నెండు మందిని ఒప్పించారు. తన పక్షం ఓట్లకి ఆ పన్నెండూ కలిస్తే నెగ్గడానికి చాలు.

అయితే సవరణ కాగితం మీద ఇచ్చి ఊరుకుంటే సరిపోదు. తనకిచ్చిన సమయంలోపల లేచి, ఈ సవరణ ప్రతిపాదిస్తున్నానని నోటితో అనాలి. అనకపోతే అది లేనట్టే లెక్క. ఆయనకిచ్చిన సమయం ఆరు నిమిషాలు.

మేష్టారు లేచారు. పైన గ్యాలరీలో నర్సు, ఆవిడ పక్కన కాలనీ ముసలమ్మ కూర్చుని ఉన్నారు. కిడ్నీలు పోయిన ఇద్దరిలో ఒకడు ఆ ముసలమ్మ కొడుకు. నీరు మట్టిలోకి ఎలా దిగుతుందో, ఇసకనేలకీ బంకమట్టికీ తేడా ఏమిటో చెబుతూ మేష్టారు మొదలుపెట్టారు. ఎదుటి బెంచీల్లోంచి ఎవరో హాజరు పట్టీ తెచ్చారా అని అడిగితే సభంతా గొల్లుమంది. ఆయనా నవ్వి, వెనక బెంచీ కుర్రాళ్ళకి చెప్పినట్టు అదే ముక్క ఇంకా తేలిక చేసి మళ్ళీ చెప్పారు. నవ్వులు ఆగిపోయాయి. క్యాంటీన్‌కి బయల్దేరినవాళ్ళు గుమ్మం దగ్గరే నిలబడిపోయారు. రెండేళ్ళలో మొట్టమొదటిసారి సభ ఆయన మాట వింటోంది. ఆ వినడమే ఆయన కొంప ముంచింది.

గంట మోగింది. ఆయన అలవాటుగా తలాడించి, "ఒక్క నిమిషం, అసలు విషయానికి వస్తున్నాను" అన్నారు.

మైకు ఆగిపోయింది. స్పీకరు తర్వాతి సభ్యుణ్ణి పిలిచారు. మేష్టారు కాగితం పైకెత్తి చాలాసేపు నిలబడ్డారు. కాసేపటికి ఓటింగు వచ్చింది. ప్రతిపాదించని సవరణ ఓటుకి రాదని స్పీకరు చదివేసి, బిల్లు ఉన్నదున్నట్టు పాస్ చేశారు. బయటికొస్తూ ఆ పన్నెండు మందిలో ఒకాయన ఆగి, "చెయ్యెత్తుదామనే కూర్చున్నాం మేష్టారూ. మీరు అడగందే ఎలా ఎత్తుతాం?" అన్నాడు. అందులో వేళాకోళం లేదు. ఉంటే బాగుండుననిపించింది మేష్టారికి.

వరండాలో ముసలమ్మ ఎదురొచ్చి ఆయన రెండు చేతులూ పట్టుకుంది.

"ఎంత బాగా చెప్పావు నాయనా. అంత పెద్దపెద్దవాళ్ళు కిక్కురుమనకుండా విన్నారు. ఇంక ఆ గుంట తీయించేస్తారుగా?"

నర్సు ముఖం పాలిపోయి ఉంది. ఆవిడకి అంతా అర్థమైంది. మేష్టారు గొంతు సవరించుకుని, సభలో కొన్ని నియమాలు ఉంటాయనీ, సవరణల్లో రెండు రకాలనీ మొదలుపెట్టబోయారు.

"సార్," అంది నర్సు మెల్లగా. "ముందు అసలు మాట చెప్పండి."

ఆయనకి ఏడుపొచ్చింది. ఎప్పుడో తల్లి పోయిన రోజున వచ్చిన ఏడుపు, మళ్ళీ ఇన్నేళ్ళకి. దాన్ని మింగి, ముసలమ్మ కళ్ళలోకి చూశారు.

"తీయరమ్మా. అడగాల్సింది నేను అడగలేదు. తప్పు నాదే."

ముసలమ్మ ఆయన్ని ఎగాదిగా చూసింది. కోప్పడుతుందేమోనని ఆయన ఎదురుచూశారు. తిట్టినా బాగుండునని ఆశపడ్డారు కూడా. ఆవిడ మాత్రం ఆయన చేతులు వదిలేసి, చీర కొంగు సర్దుకుని నర్సు వైపు తిరిగింది.

"పద తల్లీ, బస్సు దొరకదు. నాలుగింటికి బోరు నీళ్ళు వదులుతారు, పట్టుకోవాలి."